మన జ్ఞానస్నానపు పేర్లు: వాటి పుట్టుపూర్వోత్తరాలు
(శతవార్షికోత్సవాల సందర్భంగా పొందూరులో చేసిన ప్రసంగ పాఠం)



ఈ ఉత్సవాలలో ఒక్కొక్కరు ఒక్కొక్క విషయంపై మాట్లాడాలని పెద్దలు నిర్ణయించి, నాకు "పేర్లు" అనే విషయం అప్పగించారు. ముప్పై ఏళ్లపాటు బడిలో హాజరుపట్టీ పిలిచినవాడు గనుక ఇతనికి పేర్ల సంగతి తెలిసి ఉంటుందని వారు తలచి ఉంటారు. అయ్యా, హాజరు పిలవడం వేరు, పిలిచిన పేరుకు అర్థం తెలియడం వేరు. రెండోది నేను ఆలస్యంగా, అదీ అవసరం వచ్చి నేర్చుకున్నాను. ఆ అవసరమేమిటో చివర మనవి చేస్తాను.

ఈ సభలోనే చూడండి. జార్జిలు ఉన్నారు, ఫిలిప్పులు ఉన్నారు, తోమాసులు, స్తెఫానులు, ఆగ్నేసమ్మలు ఉన్నారు. జార్జి అనేది గ్రీకు మాట. భూమి, పని అనే రెండు పదాలు కలిసి ఏర్పడినది. అంటే నేల దున్నేవాడు, మన భాషలో రైతు. ఫిలిప్పు అంటే గుర్రాలను ప్రేమించేవాడు. మన ఊరి ఫిలిప్పులు గుర్రమెక్కగా నేనెన్నడూ చూడలేదు గాని, పేరుకు అర్థం మాత్రం అదే. తోమాసు అంటే అరామిక భాషలో కవల పిల్లవాడు. స్తెఫాను అంటే కిరీటం. ఆగ్నేసు అంటే పవిత్రురాలు. ఇవి మనకు దొరల పేర్లుగా తోస్తాయి. నిజానికి ఇవి ఇంగ్లీషువారివీ కావు, ఫ్రెంచివారివీ కావు. వారు కూడా మనవలెనే ఎరువు తెచ్చుకున్నవారే.

యూరపు దేశాలలో వాడే పేర్లు ముఖ్యంగా నాలుగు ఊటల నుండి వచ్చాయి. మొదటిది హెబ్రీ, దానికి చుట్టమైన అరామిక భాష. యోహాను అంటే దేవుడు దయ చూపెను అని. ఈ ఒక్క పేరే ఇంగ్లండులో జాన్, స్పెయినులో హువాన్, ఇటలీలో జొవాన్ని, రష్యాలో ఇవాన్, జర్మనీలో హాన్స్, ఐర్లండులో షాన్ అయింది. యాకోబు అనే పేరు లాటిను నోట నలిగి నలిగి ఇంగ్లీషులో జేమ్స్ అయింది. ఎలిశబెతు అంటే దేవుడే నా ప్రమాణం అని. రెండవది గ్రీకు. పేతురు, అంద్రెయ, జార్జి, ఫిలిప్పు, ఐరీన్, సోఫియా ఆ కోవలోనివి. ఐరీన్ అంటే శాంతి. సోఫియా అంటే జ్ఞానం. మూడవది లాటిను. పౌలు అంటే చిన్నవాడు. లూసీ అంటే వెలుగు. క్లారా అంటే ప్రకాశం. ఫెలిక్స్ అంటే ఆనందంగలవాడు. బెనెడిక్టు అంటే ఆశీర్వాదం పొందినవాడు. నాలుగవది జర్మను జాతుల పాత భాష. విలియం అంటే సంకల్పము, శిరస్త్రాణము. రాబర్టు అంటే కీర్తిచే వెలిగేవాడు. హెన్రీ అంటే ఇంటికి ఏలిక. ఎడ్వర్డు అంటే సంపదకు కావలి. చదివితేనే తెలుస్తుంది, ఇవి గుడిలో పుట్టిన పేర్లు కావు, యుద్ధభూమిలో పుట్టిన పేర్లు. ఆ పేరుగలవారు క్రైస్తవులై, కొందరు పునీతులైన తరువాతనే అవి క్రైస్తవుల పేర్లయ్యాయి.

ఇక మన పూర్వులు ఈ పేర్లను ఎట్లా స్వీకరించారో చూద్దాం. ఇది నాకు అన్నిటికన్నా ముచ్చట గొలిపే సంగతి. దక్షిణ దేశానికి వచ్చిన పాతకాలపు యేసుసభ గురువులు ఇక్కడి భాషలు నేర్చి, పేర్లను ఉన్నవి ఉన్నట్లు రుద్దక, అర్థం గ్రహించి మన మాటల్లోకి దించారు. పేతురు అంటే రాయి. కనుక రాయప్ప అన్నారు. పౌలు అంటే చిన్నవాడు. కనుక చిన్నప్ప అన్నారు. తమిళ దేశంలో యోహానును దయ అనే అర్థంలో అరుళప్ప అన్నారు. లాజరు అంటే దేవుడు సహాయం చేసెను అని. కనుక దేవసహాయం అన్నారు. నీలకంఠ అనే పేరుతో పుట్టి 1745లో జ్ఞానస్నానం పొంది, 1752లో వేదసాక్షిగా మరణించిన దేవసహాయంను 2022 మే 15వ తేదీన ఫ్రాన్సిస్ పాపుగారు పునీతునిగా ప్రకటించినప్పుడు, ఆ పేరు ప్రపంచమంతటా వినిపించింది. ఆ సందర్భంలో ఆయన పేరు చివర నున్న కులసూచకమైన మాటను విడిచిపెట్టారు గాని, దేవసహాయం అనే మాటను అలాగే ఉంచారు. రోము నగరంలో లాజరు అనే పేరుతోపాటు మన దేశపు మాటను కూడా పలికారు.

తెలుగు విచారణలలో శౌరి, శౌరయ్య, బాలశౌరి అనే పేర్లు మీకందరికీ తెలుసు. ఇవి పునీత ఫ్రాన్సిస్ జేవియరుగారి నుండి వచ్చినవి. జేవియరు అనేది ఆయన పేరు కాదు, ఆయన పుట్టిన కోట పేరు. స్పెయిను ఉత్తరాన నవార్ర ప్రాంతంలో ఉన్నది. బాస్కు భాషలో ఆ మాటకు అర్థం కొత్త ఇల్లు. మన తెలుగువారి నోట అది శౌరి అయింది. శౌరి అన్నది సంస్కృతంలో శ్రీకృష్ణునికి ఒక పేరు. చూడండి, బాస్కు దేశపు "కొత్తిల్లు" మన దేశానికి వచ్చి, మన చెవికి పరిచితమైన పాత పేరులో కాపురం పెట్టింది! ఎవరూ అభ్యంతరం చెప్పలేదు.

జేవియరుగారి మాట వచ్చింది గనుక ఇంటిపేర్ల సంగతి రెండు మాటలు. యూరపులో మొదట ఇంటిపేర్లు లేవు. పదకొండో శతాబ్దం మొదలుకొని మూడు నాలుగు వందల ఏళ్లలో, ఒక్క ఊరిలో పదిమంది జానులు అయిపోయినప్పుడు, ఏ జాను అని అడగవలసి వచ్చి ఇంటిపేర్లు స్థిరపడ్డాయి. అవి నాలుగు రకాలు. ఊరిని బట్టి వచ్చినవి, తండ్రి పేరును బట్టి వచ్చినవి, వృత్తిని బట్టి వచ్చినవి, రూపాన్నో గుణాన్నో బట్టి వచ్చిన ఎగతాళి పేర్లు. జాన్సన్ అంటే జాను కొడుకు. ముందు "మాక్" అని ఉంటే స్కాట్లండులో ఫలానావాని కొడుకని అర్థం. మన తెలుగు ఇంటిపేర్లు కూడా అంతే గదా! ఊరి పేరే ఇంటిపేరైనవారు మనలో ఎందరో ఉన్నారు. తేడా అల్లా, మనం ఇంటిపేరు ముందు పెడతాము, వారు వెనుక పెడతారు.

1846లో విశాఖపట్నం చేరిన గురువుల సభ, 1838లో ఆనెసీ పట్టణంలో స్థాపితమైనది. ఆ సభకు పాలకుడు పునీత ఫ్రాన్సిస్ ద సాల్. అందులో "ద సాల్" అంటే సాల్ కోటకు చెందినవాడని. 1886లో విశాఖపట్నం మేత్రాసనంగా ఏర్పడిన తరువాత, ఇరవయ్యో శతాబ్దారంభంలో దానికి మేత్రాణులుగా ఉన్నవారి ఇంటిపేరు క్లెర్. ఆ ఫ్రెంచి మాటకు చదువుకున్నవాడు, గుడి సేవకుడు అని అర్థం. వారి పూర్వుల్లో ఎవరో నాలుగక్షరాలు తెలిసినవాడై ఉంటాడు. ఆ గురువులు జాఁ అనీ పియెర్ అనీ పేర్లుగల ఫ్రెంచి భాషీయులు. మన పిల్లలకు జాన్, పీటర్ అనే ఇంగ్లీషు రూపాలు గుడి నుండి కంటే బడి నుండే ఎక్కువగా వచ్చాయి.

వృత్తి పేర్ల దగ్గర మన పొందూరువారు కొంచెం ఆగాలి. ఎందుకంటే యూరపు ఇంటిపేర్లలో మన వీధులు కనిపిస్తాయి. ఇంగ్లీషులో వెబ్, వెబ్‌స్టర్, వీవర్, జర్మనులో వేబర్, ఫ్రెంచిలో తిస్సరాఁ, హంగేరీలో తకాచ్, ఇవన్నీ నేతగాడు అనే మాటలే. వెబ్‌స్టర్ అనే మాట మొదట మగ్గం నేసే ఆడమనిషికి చెందినది. చివరి "స్టర్" ఒకప్పుడు స్త్రీలను సూచించేది. కెంప్‌స్టర్ అంటే ఉన్ని దువ్వే స్త్రీ. మనవాళ్లు కొండపత్తిని వాలుగ చేప దవడతో దువ్వి శుభ్రం చేసినట్లే, వాళ్లు ఉన్నిని దువ్వెనలతో దువ్వేవారు. లిస్టర్, డయ్యర్ అంటే రంగులద్దేవారు. వాకర్, ఫుల్లర్, టక్కర్ అనే మూడూ ఒకే పని. నేసిన ఉన్ని బట్టను నీటిలో వేసి కాళ్లతో తొక్కి దట్టం చేసేవారు. అట్లా నడిచి నడిచి తొక్కేవాడే వాకర్. వడికే స్త్రీని స్పిన్‌స్టర్ అనేవారు. రాట్నం వద్ద కూర్చుని బ్రతికే ఒంటరి ఆడపిల్లలు ఎక్కువగుటచేత ఆ మాటకు పెండ్లికాని స్త్రీ అనే అర్థం వచ్చి, ఇంగ్లండులో 2005 వరకు వివాహపు రిజిస్టర్లలో ఆ మాటే వ్రాసేవారు. రాట్నం మీద కూర్చున్న మన తల్లులను తలచుకుంటే ఆ మాట ఎంత దగ్గరిదో తెలుస్తుంది.

పునీతులలో కూడా బట్టల సంగతి ఉన్నది. అస్సీసి ఫ్రాన్సిస్‌గారికి జ్ఞానస్నానంలో పెట్టిన పేరు జొవాన్ని, అంటే యోహాను. తండ్రి బట్టల వ్యాపారి. ఫ్రాన్సు దేశంతో వ్యాపారం చేసేవాడు. కొడుకును ఫ్రాన్సువాడా అనే అర్థంలో ఫ్రాంచెస్కో అని పిలిచాడు. ఆ ముద్దుపేరే నేడు లోకమంతటా పునీత నామమైంది.

ఇప్పుడు అసలు ప్రశ్నకు వస్తాను. క్రైస్తవుడైనవానికి విదేశీ పేరు తప్పనిసరియా? మన పేరు మార్చుకోకపోతే విశ్వాసానికి లోటా? మన యువతీయువకులు నన్ను తరచు అడుగుతుంటారు. కొందరు సిగ్గుతో అడుగుతారు, కొందరు కోపంతో అడుగుతారు.

దీనికి జవాబు వేదగ్రంథంలోనే ఉన్నది. పౌలుగారు రోమీయులకు వ్రాసిన లేఖ చివరి అధ్యాయం తెరిచి చూడండి. అక్కడ ఫీబే అనే సహోదరి ఉన్నది. ఫీబే అన్నది గ్రీకుల చంద్రదేవతకు మారుపేరు. నేరియ అనే విశ్వాసి ఉన్నాడు. అది గ్రీకుల సముద్రదేవుని పేరు. హెర్మే ఉన్నాడు. అదీ ఒక గ్రీకు దేవత పేరే. ఇతర పుస్తకాలలో అపొల్లో ఉన్నాడు, అది సూర్యదేవతకు చెందినది. ఎపఫ్రొదితు ఉన్నాడు, ఆయన పేరులో ఆఫ్రొడైటీ అనే దేవత ఉన్నది. వీరెవరినీ పేరు మార్చుకోమని అపోస్తలుడు చెప్పినట్లు ఎక్కడా లేదు. ఫీబేను తోటివారికి సహోదరి అని పరిచయం చేశాడు, ఎపఫ్రొదితును తన జతపనివాడన్నాడు. తరువాతి కాలంలో మార్టిన్ అనే పేరు రోమను యుద్ధదేవత మార్సు నుండి వచ్చింది. తన అంగీని కోసి సగం బిచ్చగానికిచ్చిన తూర్ పట్టణపు మార్టిన్‌గారు పునీతుడైనాడు. ఆయన అంగీని భద్రపరచిన చోటును బట్టే చాపెల్ అనే మాట పుట్టింది. రైతులకు పాలకుడైన ఇసిదోరు పేరుకు, ఈజిప్టు దేవత ఐసిస్ ఇచ్చిన వరమని అర్థం. పేరు మనిషిని పవిత్రం చేయలేదు. మనిషే పేరును పవిత్రం చేశాడు.

మన ప్రాంతం నుండే ఒక నిదర్శనం చెబుతాను. పర్లాకిమిడి ప్రాంతానికి చెందిన పురుషోత్తమ చౌదరిగారు 1803లో పుట్టి 1890లో గతించారు. ఆయన మన సోదర సంఘాలకు చెందినవారు. తెలుగు క్రైస్తవులు ఏ సంఘంవారైనా ఆయన కీర్తనలు పాడనివారు లేరు. పురుషోత్తముడు అన్నది విష్ణునామం. ఆయన క్రీస్తును అంగీకరించిన తరువాత కూడా ఆ పేరుతోనే జీవించి, ఆ పేరుతోనే పాడారు. ఆ కీర్తనలలో ఆయన పేరును బట్టి ఏమైనా తరుగు కనబడిందా?

ఇంకొక వైపు కూడా చూడాలి. దానియేలును బబులోనుకు తీసుకొనిపోయి బెల్తెషాజరు అని పేరు పెట్టారు. అతని ముగ్గురు మిత్రులకు షద్రకు, మేషాకు, అబేద్నెగో అని పేర్లు పెట్టారు. అవి ఏలినవారు పెట్టిన పేర్లు. మనం నేటికీ వారి విశ్వాసాన్ని తలుస్తాము గాని, ఆ పేర్లను పెట్టినవారిని తలవము. కనుక ఏలినవారి పేరు వచ్చినంత మాత్రాన విశ్వాసం పోలేదు. సొంత పేరు ఉన్నంత మాత్రాన విశ్వాసం తగ్గలేదు.

మరి శ్రీసభ ఏమంటున్నది? 1918 నుండి 1983 వరకు అమలులో ఉన్న శ్రీసభ చట్టంలో 761వ సూత్రం ఉండేది. జ్ఞానస్నానం పొందేవారికి క్రైస్తవ నామం పెట్టేటట్లు విచారణ గురువు చూడాలని, తల్లిదండ్రులు అందుకు ఒప్పుకోకపోతే వారు పెట్టిన పేరుకు ఒక పునీతుని పేరు చేర్చి, జ్ఞానస్నానపు పుస్తకంలో రెండు పేర్లూ వ్రాయాలని అందులో ఉన్నది. 1983లో వచ్చిన కొత్త చట్టం 855వ సూత్రంలో ఇంకా సులువు చేసింది. క్రైస్తవ భావానికి విరుద్ధమైన పేరు పెట్టకుండా తల్లిదండ్రులు, జ్ఞాన తల్లిదండ్రులు, గురువు చూడాలని మాత్రమే చెప్పింది. కనుక శాంతి, కరుణ, జ్యోతి, ఆశీర్వాదం, ఆనందం అని పెట్టుకుంటే తప్పు లేదు. పైగా ఇవి ఐరీన్, లూసీ, బెనెడిక్టు, ఫెలిక్సులకు తోబుట్టువులే.

పాత చట్టంలోని "రెండు పేర్లూ వ్రాయాలి" అనే మాట మా ఇంటిని ఎట్లా కాపాడిందో ఇప్పుడు చెబుతాను.

మా నానమ్మ రాట్నం మీద నూలు వడికి పిల్లలను పెంచింది. ఆమెతోపాటు మా నాన్నగారు చిన్నతనంలో జ్ఞానస్నానం పొందారు. ఇంటిలోనూ గుడిలోనూ ఆయనను రాయప్ప అనేవారు. బడిలో మాత్రం అంతకు ముందే సూర్యనారాయణ అని వ్రాయించి ఉన్నారు. అరసవిల్లి సూర్యదేవుని పేరు ఈ సీమలో ఏ ఇంట లేదు? చదువు, ఉద్యోగం అన్నీ సూర్యనారాయణ పేరుతోనే సాగాయి. పెండ్లి గుడిలో జరిగింది గనుక వివాహపు పత్రంలో రాయప్ప అని ఉన్నది. ఆయన ఉన్నంత కాలం రెండు పేర్లూ ఒకే మనిషిలో సుఖంగా కాపురం చేశాయి.

ఆయన గతించాక అమ్మకు రావలసిన కుటుంబ పింఛను దగ్గర చిక్కు వచ్చింది. ఉద్యోగం చేసినది సూర్యనారాయణ, మీరు పెండ్లాడినది రాయప్ప, ఈ ఇద్దరూ ఒకరేనని రుజువేమిటి అని ఒక కార్యాలయంవారు అడిగారు. ఆ గుమస్తాను తప్పుపట్టను. ఆయన ముందున్నవి కాగితాలు, మనుషులు కారు. పద్నాలుగు నెలలు తిరిగాము. ఒకనాడు తిరిగి వచ్చి అమ్మ అరుగు మీద కూర్చుని, "ఇన్నేళ్లూ నాను ఎవుల్తో కాపరం సేసినట్టురా బావూ?" అని అడిగింది. ఆ మాటకు నా వద్ద జవాబు లేకపోయింది.

చివరకు విచారణ గురువుగారు పాత జ్ఞానస్నానపు పుస్తకం తీయించారు. జ్ఞానస్నానాలు, వివాహాలు పుస్తకంలో వ్రాసి ఉంచాలని 1563లో ట్రెంటు మహాసభ కట్టడి చేసింది. ఆ కట్టడి ఫలం మా వీధి దాకా వచ్చింది. లాటినులో వ్రాసి ఉన్నది. పెత్రుస్, పక్కనే సూర్యనారాయణ, తండ్రి పేరు, తల్లి పేరు, ఊరు. పెత్రుస్ అంటే పేతురు, పేతురు అంటే రాయి, రాయి అంటే రాయప్ప. మూడు పేర్లు, ఒకే మనిషి. గురువుగారు దానిని ధ్రువీకరించి ఇచ్చారు. ఆ కాగితంతో అమ్మకు పింఛను వచ్చింది.

అదే పుటలో పై వరుసలో నానమ్మ పేరు కనిపించింది. గుడిలో ఆమెను మార్గరీతమ్మ అనేవారు. చుట్టుపక్కలవారికి నోరు తిరగక మార్గీతమ్మ చేసేశారు. తన పాత పేరు ముత్యాలమ్మ అని, అది జ్ఞానస్నానంతో పోయిందని, ఆమె ఎప్పుడో ఒకసారి నాతో అన్నది. కొంత దిగులుగానే అన్నది. పుస్తకంలో మార్గరీత అని, పక్కన ముత్యాలమ్మ అని ఉన్నది. గురువుగారు ఆ వరుస మీద వేలుంచి, "మార్గరీత అంటే ఏమిటో తెలుసా మాస్టారూ? గ్రీకులోనూ లాటినులోనూ ముత్యం" అన్నారు.

ఆనాటి గురువు తెలిసి పెట్టారో, ఆ రోజు తోచిన పునీతురాలి పేరు పెట్టారో నేను చెప్పలేను. కాని ఆమె పేరు పోలేదు. ముత్యం ముత్యంగానే ఉన్నది. ఆ సంగతి ఆమె బ్రతికుండగా చెప్పలేకపోయినందుకు నాకు నేటికీ విచారమే. పేర్ల అర్థాలు వెతకడం నేను ఆనాటినుండే మొదలుపెట్టాను.

కనుక సహోదరీ సహోదరులారా, మూడు మనవులు చేసి ముగిస్తాను.

మొదటిది, పిల్లలకు పేరు పెట్టే ముందు దాని అర్థం తెలుసుకొనండి. సినిమాలో విన్నదనో, పలకడానికి గొప్పగా ఉన్నదనో పెట్టకండి. అర్థం పిల్లవానికి చెప్పండి. జార్జి అంటే రైతు అని తెలిసిన పిల్లవాడు తండ్రి నాగలిని చూసి సిగ్గుపడడు. వెబ్‌స్టర్ అంటే నేతకత్తె అని తెలిసిన అమ్మాయి మన మగ్గాన్ని చూసి చిన్నబుచ్చుకోదు.

రెండవది, ఒక్కటే పేరు ఒక్కటే విధంగా అన్నిచోట్లా వ్రాయించండి. 2023 అక్టోబరు 1 తరువాత పుట్టిన పిల్లలకు బడి ప్రవేశం మొదలుకొని అనేక పనులకు జనన ధ్రువపత్రమే ఆధారమని చట్టం వచ్చింది. పేరు లేకుండా నమోదైన బిడ్డకు సంవత్సరంలోపు రుసుము లేకుండా పేరు చేర్పించవచ్చు. ఆ తరువాత రుసుముతో పదిహేనేళ్ల వరకు వీలున్నది. రెండు పేర్లు ఉండక తప్పకపోతే, రెండూ జ్ఞానస్నానపు పుస్తకంలో వ్రాయించండి. ఆ బాధ్యత గురువులది మాత్రమే కాదు. పక్కన నిలబడే జ్ఞాన తల్లిదండ్రులది కూడా.

మూడవది, పేరును బట్టి ఎవరి విశ్వాసాన్నీ కొలవకండి. మన విచారణలో సూర్యనారాయణ ఉన్నాడని ముక్కు విరవకండి. పురుషోత్తముని కీర్తన పాడే నోటితో అట్లా అనడం తగదు. అట్లాగే పీటరు అని పెట్టుకున్నవాణ్ణి దొరల వేషమని ఎగతాళి చేయకండి. వాడూ రాయప్పే.

పోయిన ఈస్టరుకు మా మనుమరాలికి జ్ఞానస్నానమైంది. ఏ పేరు పెట్టాలని మా కోడలు అడిగింది. మా ఇంట్లో ఒక పేరు పుస్తకంలో పడి ఉన్నదమ్మా, దాన్నే తీసుకుందామన్నాను. మార్గరెట్ ముత్యం అని పెట్టాము. రెండూ వ్రాయించాము. ఈసారి ఎవరూ ఏదీ పోగొట్టుకోలేదు.

మన పేర్లు పరలోకంలో వ్రాయబడి ఉన్నవని ప్రభువు సెలవిచ్చారు. అక్కడ ఏ భాషలో వ్రాయబడి ఉన్నా ఆయన మనలను గుర్తుపడతారు. ఇక్కడ మాత్రం మనమే ఒకరినొకరం గుర్తుపట్టుకోవాలి.  దేవుని దీవెన మీ ఇండ్లపై ఉండుగాక.